గ్రోత్ పేరుతో మాయ చేస్తే అమెరికాలో పరిహారం.. మరి మన ఇన్వెస్టర్‌కి? సత్యం నుంచి సూపర్ మార్కెట్ల దాకా

యూసుఫ్‌గూడ చెక్‌పోస్ట్ నుంచి కృష్ణానగర్ వైపు నడుస్తూ ఏ టీ కొట్టు దగ్గర ఆగినా రెండే టాపిక్‌లు వినిపిస్తాయి. ఒకటి సినిమా కలెక్షన్లు. రెండోది షేర్లు. షూటింగ్ లేని రోజు లైట్‌మ్యాన్ దగ్గర్నుంచి, ఎడిటింగ్ రూమ్‌లో పనిచేసే కుర్రాడి దాకా అందరి ఫోన్లోనూ ఒక ట్రేడింగ్ యాప్ ఉంది. దేశంలో డీమ్యాట్ ఖాతాలు 2020 మార్చిలో సుమారు 4 కోట్లు ఉంటే, 2024లోనే 17 కోట్లు దాటేశాయి. అంటే ఈ కబుర్లు ఊరికే పుట్టినవి కావు.

ఇక్కడ జనాన్ని సినిమా పోస్టర్‌తో మోసం చేయడం కష్టం. "100 కోట్లు" అని పోస్టర్ పడగానే పక్కవాడు అడిగే మొదటి ప్రశ్న, "గ్రాసా? షేరా?" ట్యాక్సులు, థియేటర్ అద్దెలు పోగా డిస్ట్రిబ్యూటర్ చేతికి ఎంత వచ్చిందన్నదే అసలు లెక్క అని ఇక్కడ అందరికీ తెలుసు.

మరి అదే మనిషి, "మా కంపెనీ ఈ ఏడాది 30 శాతం పెరిగింది" అని ఓ కంపెనీ చెప్తే అలాంటి ప్రశ్న వేస్తున్నాడా? ఆ మాట అబద్ధమని తేలితే, పోయిన డబ్బు తిరిగొచ్చే దారి ఉందా? ఈ స్టోరీ దాని గురించే.

అమెరికాలో పోలీసుల పెన్షన్ ఫండే కోర్టుకెక్కింది

2025 జనవరి చివర్లో అమెరికన్ రిటైల్ దిగ్గజం టార్గెట్ మీద ఒక కేసు పడింది. వేసింది ఎవరో తెలుసా? ఫ్లోరిడాలోని రివేరా బీచ్ అనే చిన్న నగరపు పోలీసుల పెన్షన్ ఫండ్. 2023లో కంపెనీ తెచ్చిన ప్రైడ్ కలెక్షన్ వల్ల కస్టమర్లు బాయ్‌కాట్ చేసే రిస్క్ ఉందని ఇన్వెస్టర్లకు సరిగ్గా చెప్పలేదన్నది ఆరోపణ. ఆ తర్వాత నెలలోనే ఫ్లోరిడా ప్రభుత్వ పెన్షన్ డబ్బు చూసే బోర్డు కూడా కేసు వేసింది. ఇవి ఆరోపణలే, తీర్పు కాదు. ఆ ఆరోపణల్లో నిజమెంత అన్నది వేరే చర్చ. కానీ ఒక విషయం గమనించండి. మన బెటాలియన్ గ్రౌండ్‌లో పరేడ్ చేసే కానిస్టేబుళ్ల లాంటి వాళ్ల రిటైర్మెంట్ డబ్బు చూసే సంస్థ, అంత పెద్ద కంపెనీని నేరుగా కోర్టుకి లాగగలిగింది. అక్కడ ఇది మామూలు విషయం.

అక్కడ పద్ధతి సింపుల్‌గా చెప్పాలంటే ఇదీ. ఒక ఇన్వెస్టర్ లేదా ఒక ఫండ్ ముందుకొచ్చి, తనలా నష్టపోయిన అందరి తరఫునా ఒకే కేసు వేస్తుంది. దీన్ని క్లాస్ యాక్షన్ అంటారు. లాయర్ ముందుగా ఫీజు అడగడు. గెలిస్తే వచ్చిన దాంట్లో కోర్టు ఒప్పుకున్న వాటా తీసుకుంటాడు. అందుకే పది షేర్లున్న వాడికి కూడా కేసులో చోటు దొరుకుతుంది.

అలాగని కంపెనీ అంచనా తప్పిన ప్రతిసారీ కేసు నిలబడదు. 1995లో అమెరికా తెచ్చిన చట్టం ప్రకారం, తగిన హెచ్చరికలతో చెప్పిన భవిష్యత్ అంచనాలకు రక్షణ ఉంది. "వచ్చే ఏడాది 50 స్టోర్లు తెరుస్తాం" అని చెప్పి 30 తెరిస్తే అది తప్పిన అంచనా. "ఈ క్వార్టర్‌లో ఇంత లాభం వచ్చింది" అని చెప్పి, ఆ లాభమే లేకపోతే అది అబద్ధం. ఈ రెండింటి మధ్య గీత ఎక్కడన్నదే ఇలాంటి ప్రతి కేసులో అసలు గొడవ.

సూపర్ మార్కెట్ లెక్కల్లో మాయ ఎలా జరుగుతుంది?

బ్రిటన్‌లో అతిపెద్ద సూపర్ మార్కెట్ చైన్ టెస్కో. 2014 సెప్టెంబర్ 22న ఆ కంపెనీ ఒక ప్రకటన చేసింది. అర్ధ సంవత్సర లాభం అంచనాని దాదాపు 25 కోట్ల పౌండ్ల మేర ఎక్కువ చేసి చెప్పామని ఒప్పుకుంది. ఎలా? సరుకు పెట్టే కంపెనీలు షెల్ఫ్‌లో మంచి చోటు కోసం, ఆఫర్ల కోసం సూపర్ మార్కెట్‌కి డబ్బులిస్తాయి. ఇంకా రావాల్సిన ఆ డబ్బుని ముందే వచ్చినట్టు లాభంలో కలిపేశారు.

2017లో టెస్కో 12.9 కోట్ల పౌండ్ల జరిమానాకి ఒప్పుకుంది. దాంతో పాటు ఇన్వెస్టర్లకు సుమారు 8.5 కోట్ల పౌండ్ల పరిహారం పథకం వచ్చింది. ఇది ఎవరికంటే, 2014 ఆగస్టు 29న తప్పుడు అంచనా ఇచ్చిన తర్వాత షేర్లు కొని, నిజం బయటపడే దాకా వాటిని ఉంచుకున్న వాళ్లకి. షేరుకి 24.5 పెన్స్. అంటే అబద్ధం బతికున్న ఆ మూడు వారాల్లో కొన్నవాళ్లకి లెక్క కట్టి ఇచ్చారన్నమాట. ఇంకో విషయం, ముగ్గురు మాజీ ఎగ్జిక్యూటివ్‌ల మీద పెట్టిన క్రిమినల్ కేసు మాత్రం కోర్టులో నిలవలేదు. ఎవరూ జైలుకి వెళ్లకపోయినా ఇన్వెస్టర్‌కి డబ్బు వచ్చింది.

ఇదే గుర్తు పెట్టుకోండి. మన దగ్గర కథ సరిగ్గా దీనికి రివర్స్‌లో నడిచింది.

జైలు శిక్ష పడింది.. డబ్బు రాలేదు

2009 జనవరి 7. ఆ రోజు హైదరాబాద్‌లో ఉన్న ఎవర్నడిగినా చెప్తారు. సత్యం కంప్యూటర్స్ ఛైర్మన్ రామలింగరాజు బోర్డుకి రాసిన లేఖ బయటికొచ్చింది. పుస్తకాల్లో 5,361 కోట్ల నగదు, బ్యాంక్ నిల్వలు చూపిస్తే, అందులో 5,040 కోట్లు అసలు లేవు. సెప్టెంబర్ క్వార్టర్ ఆదాయం 2,700 కోట్లని చెప్పారు, నిజానికి 2,112 కోట్లు. ఇక ఆపరేటింగ్ లాభం 649 కోట్లని చూపించారు. నిజం? 61 కోట్లు. అంటే 24 శాతం మార్జిన్ అన్న చోట ఉన్నది 3 శాతమే.

ఒక్క రోజులో షేరు ధర దాదాపు 78 శాతం పడిపోయి 40 రూపాయల దగ్గరకి చేరింది. కూతురి పెళ్లికని దాచినవాళ్లు, రిటైర్మెంట్ డబ్బు పెట్టినవాళ్లు, మన ఊరి కంపెనీ అని గర్వంగా కొన్నవాళ్లు అందరూ ఒకేసారి మునిగారు.

సత్యం షేర్లు అమెరికాలో న్యూయార్క్ స్టాక్ ఎక్స్ఛేంజ్‌లో కూడా ఏడీఎస్‌ల రూపంలో ట్రేడ్ అయ్యేవి. అక్కడ నష్టపోయినవాళ్లు వెంటనే క్లాస్ యాక్షన్ వేశారు. 2011లో కంపెనీ 12.5 కోట్ల డాలర్లు, ఆడిట్ సంస్థ పీడబ్ల్యూసీ 2.55 కోట్ల డాలర్లు కట్టడానికి ఒప్పుకుని సెటిల్ చేసుకున్నాయి.

ఇక్కడ? దాదాపు 3 లక్షల మంది ఇన్వెస్టర్ల తరఫున ఒక ఇన్వెస్టర్ సంఘం జాతీయ వినియోగదారుల కమిషన్‌కి వెళ్లింది. కుదరదన్నారు. సుప్రీంకోర్టులోనూ ఊరట దొరకలేదు. ఎందుకంటే షేర్‌హోల్డర్లంతా కలిసి పరిహారం అడగడానికి మన కంపెనీ చట్టంలో అప్పటికి దారే లేదు.

మండే విషయం ఇంకోటి ఉంది. ఆ 12.5 కోట్ల డాలర్లు, అప్పటి లెక్కలో సుమారు 570 కోట్ల రూపాయలు, ఎవరి జేబులోంచి వెళ్లాయి? కంపెనీ ఖజానా నుంచి. అంటే షేర్లు అమ్మకుండా పట్టుకుని కూర్చున్న మన ఇన్వెస్టర్ల వాటా కూడా అందులో ఉంది. మోసపోయినవాడే, తనలాగే మోసపోయిన ఇంకొకడికి పరిహారం కట్టినట్టయింది!

2015 ఏప్రిల్ 9న హైదరాబాద్ ప్రత్యేక కోర్టు రామలింగరాజు సహా 10 మందిని దోషులుగా తేల్చి, 7 ఏళ్ల జైలు శిక్ష వేసింది. న్యాయం జరిగిందని హెడ్‌లైన్లు వచ్చాయి. కానీ శిక్ష పడటం వేరు, పోయిన డబ్బు రావడం వేరు.

ఇప్పుడు చట్టం ఉంది.. మరి కేసులేవి?

సత్యం దెబ్బ తర్వాతే 2013 కంపెనీల చట్టంలో సెక్షన్ 245 వచ్చింది. అమల్లోకి వచ్చింది మాత్రం 2016 జూన్ 1 నుంచి. దీని ప్రకారం షేర్‌హోల్డర్లు కలిసి నేషనల్ కంపెనీ లా ట్రిబ్యునల్‌కి, అంటే ఎన్‌సీఎల్‌టీకి వెళ్లొచ్చు. కంపెనీ మీదే కాదు, డైరెక్టర్లు, ఆడిటర్ల నుంచి కూడా పరిహారం అడగొచ్చు. హైదరాబాద్‌లో ఎన్‌సీఎల్‌టీ బెంచ్ ఉంది.

2019లో దీనికి కొలమానం కూడా పెట్టారు. కంపెనీ సభ్యుల్లో 5 శాతం లేదా 100 మంది, ఏది తక్కువైతే అంతమంది కలిస్తే చాలు. లేదా లిస్టెడ్ కంపెనీలో 2 శాతం షేర్లున్నవాళ్లు వెయ్యొచ్చు.

100 మంది. యూసుఫ్‌గూడలో ఒక అపార్ట్‌మెంట్ బ్లాక్ అంత. వాట్సాప్ గ్రూప్ పెడితే ఒక్క రోజులో పోగయ్యే సంఖ్య. అయినా కేసులు వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. జిందాల్ పాలీ ఫిల్మ్స్ మైనారిటీ షేర్‌హోల్డర్లు వేసిన కేసు లాంటివి ఒకటీ అరా తప్ప పెద్దగా కనిపించవు.

కారణం డబ్బు. మన దగ్గర గెలిస్తే వాటా అనే ఒప్పందం మీద లాయర్ కేసు తీసుకోవడానికి రూల్స్ ఒప్పుకోవు. ఫీజు ముందే కట్టాలి. 40 వేలు పోగొట్టుకున్నవాడు, ఎప్పుడు తేలుతుందో తెలియని కేసు కోసం ఇంకో 40 వేలు ఎందుకు పెడతాడు? ఇలాంటి కేసుల ఖర్చుల్ని ఇన్వెస్టర్ ఎడ్యుకేషన్ అండ్ ప్రొటెక్షన్ ఫండ్ నుంచి తిరిగి ఇవ్వొచ్చని చట్టంలోనే రాసి ఉంది. కానీ అది ఖర్చు పెట్టాక వచ్చేది. మొదటి అడుగుకి డబ్బు ఎవరిస్తారన్న ప్రశ్న అలాగే ఉంది. మన సిస్టమ్‌లో అసలు చిల్లు ఇదే.

రిటైల్ గ్రోత్ మాట వినగానే ఈ నాలుగూ చూడండి

మన వైపు రిటైల్ అంటే పిచ్చి ఊరికే రాలేదు. బట్టల షాపులు, మందుల షాపులు, ఎలక్ట్రానిక్స్ చైన్లు హైదరాబాద్‌లో పుట్టి స్టాక్ మార్కెట్ దాకా వెళ్లాయి. పాత చేదు కూడా ఉంది. 1997లో చెన్నైలో మొదలైన సుభిక్ష 2008 నాటికి దాదాపు 1,600 స్టోర్లకు పెరిగింది, మన సిటీలోనూ షాపులు తెరిచింది. 2009 మొదట్లో జీతాలివ్వడానికి, సరుకు కొనడానికి డబ్బుల్లేక మూతపడింది. స్టోర్ల సంఖ్య పెరగడం, వ్యాపారం పెరగడం ఒకటి కాదని అప్పుడే తెలిసొచ్చింది.

ఒకటి, పాత స్టోర్ల అమ్మకాలు. కొత్తగా 20 షాపులు తెరిస్తే మొత్తం అమ్మకాలు ఎలాగూ పెరుగుతాయి. ఏడాది నుంచి ఉన్న షాపుల్లో ఎంత పెరిగిందన్నదే అసలు లెక్క. దీన్నే సేమ్ స్టోర్ సేల్స్ అంటారు. "గ్రాసా, షేరా" అన్నట్టే అనుకోండి.

రెండు, చేతికొచ్చిన నగదు. లాభం ఏటా పెరుగుతూ, వ్యాపారం నుంచి వచ్చే క్యాష్ మాత్రం పెరగకపోతే ఆగి ఆలోచించండి.

మూడు, రావాల్సిన బాకీలు, గోడౌన్‌లో స్టాక్. సూపర్ మార్కెట్‌కి కస్టమర్ అక్కడికక్కడే డబ్బు కడతాడు. అలాంటి వ్యాపారంలో బాకీలు ఉబ్బుతుంటే ఎవరి నుంచి అని అడగాలి.

నాలుగు, కాన్ఫరెన్స్ కాల్. లిస్టెడ్ కంపెనీలు రిజల్ట్స్ తర్వాత అనలిస్టులతో మాట్లాడిన కాల్స్ రికార్డింగ్, టెక్స్ట్ ఎక్స్ఛేంజ్‌ల వెబ్‌సైట్లలో ఉంటాయి. ఫ్రీగానే. పోయినసారి ఏం చెప్పారు, ఈసారి ఏం చేశారు అని పక్కపక్కన పెట్టి చూడండి. రేపు ఎవరైనా నిజంగా కేసు వేస్తే పనికొచ్చే రికార్డు కూడా అదే.

అనుమానం వస్తే సెబీ స్కోర్స్ పోర్టల్‌లో ఫిర్యాదు చేయొచ్చు. దాంతో పోయిన డబ్బు వచ్చేస్తుందని ఎవరైనా చెప్తే నమ్మకండి. కానీ ఫిర్యాదు రికార్డులో ఉంటుంది.

సత్యం కూలినప్పుడు ఈ టీ కొట్టు దగ్గర నిలబడే కుర్రాళ్లలో చాలామంది స్కూల్లో ఉన్నారు. వాళ్ల నాన్నలకు కోర్టుకెళ్లే దారే లేదు. వీళ్లకి దారి ఉంది, కానీ నడవడానికి ఖర్చులు లేవు. ఆ ఖర్చు సంగతి తేల్చనంత కాలం సెక్షన్ 245 పోస్టర్ మీద పేరుండి, తెర మీద కనిపించని హీరోలాగే ఉంటుంది.