ఆమె ఇష్టాన్ని ఎవరడిగారు?

పరిశోధన చేస్తున్న రోజుల్లో ఒక సెమినార్‌లో మధ్యయుగపు క్రైస్తవ తత్వశాస్త్రం మీద గంటసేపు ప్రసంగం విన్నాను. దేవుడు అన్నీ తెలిసినవాడూ, అన్నీ చేయగలిగినవాడూ అయితే మనిషికి స్వేచ్ఛ ఎక్కడిది? లోకంలో చెడుకి బాధ్యులెవరు? ఇదీ విషయం. అగస్టీన్, ఆన్సెల్మ్, అబెలార్డ్, అక్వినాస్. అన్నీ మగవాళ్ల పేర్లే. చివర్లో వక్తగారు సభని కాస్త తేలికపరుద్దామన్నట్టు, అబెలార్డ్ గొప్ప ప్రేమికుడు కూడానని, హెలోయిస్‌తో ఆయన కథ మన లైలా మజ్నూల కథలాంటిదని అన్నారు. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. తర్వాత హెలోయిస్ ఉత్తరాలూ, అబెలార్డ్ జవాబులూ చదివాక ఆ నవ్వుకి సిగ్గుపడ్డాను. ఇప్పటికీ సిగ్గుపడుతూనే ఉన్నాను.

స్వేచ్ఛా సంకల్పం గురించిన ఈ చర్చలో పెద్ద భాగం దేవుడి తరఫు వకాల్తాగా సాగింది. దేవుడు మంచివాడు కాబట్టి చెడు ఆయన నుంచి రాకూడదు. మరి ఎక్కడినుంచి వచ్చింది? మనిషి సంకల్పం నుంచి. ఈ జవాబుతో దేవుడు నిర్దోషిగా బయటపడ్డాడు, మనిషి బోనెక్కాడు. బాగానే ఉంది. కానీ ఆ బోనులో నిలబడింది స్త్రీ అయినప్పుడు విచారణ ఎలా సాగిందన్నదే నా ప్రశ్న.

410లో విసిగోతులు రోమ్ నగరాన్ని కొల్లగొట్టినప్పుడు ఎందరో స్త్రీలు అత్యాచారాలకు గురయ్యారు. ఆ తర్వాత రాసిన 'దైవనగరం' మొదటి భాగంలో అగస్టీన్ వాళ్ల పక్షాన ఒక మంచి మాట చెప్పాడు. శీలం ఉండేది మనసులో, సమ్మతించని స్త్రీకి దోషం అంటదు, ఆమె చావక్కర్లేదు అన్నాడు. చెడిన ఆడది చావాలనుకునే కాలంలో ఇది చిన్న మాట కాదు. కానీ అక్కడే ఆగలేదు. అత్యాచారం తర్వాత ప్రాణం తీసుకున్న రోమన్ స్త్రీ లుక్రీషియా కథ ఎత్తుకున్నాడు. ఆమె నిర్దోషి అయితే ఎందుకు చచ్చిపోయింది? లోలోపల ఎక్కడో ఒప్పుకుందేమో అని అనుమానం వేశాడు. సంకల్పం మనసు లోపల ఉంటుంది, బయటివాళ్లకి కనబడదు. ఆ కనబడకపోవడమే ఆమె మెడకి చుట్టుకుంది.

ఏడు వందల ఏళ్ల తర్వాత పారిస్‌లో పేరుమోసిన అధ్యాపకుడు పీటర్ అబెలార్డ్ ఈ ఆలోచనని చివరిదాకా లాక్కెళ్లాడు. 1130ల చివర్లో రాసిన నీతిశాస్త్ర గ్రంథంలో, పాపం చేసిన పనిలో లేదు, కలిగిన కోరికలో లేదు, ఇచ్చిన సమ్మతిలోనే ఉంది అన్నాడు. మొదటిసారి చదివినప్పుడు నాకు ఒళ్లు పులకరించింది. రెండోసారి ఆయన ఇచ్చిన ఉదాహరణలు చూశాను. ఒక సన్యాసిని గొలుసులతో కట్టి బలవంతంగా ఆడవాళ్ల మధ్య పడుకోబెట్టారనుకోండి, అతనికి సుఖం కలిగినా పాపం లేదు, సమ్మతి లేదు కాబట్టి. ఇంకో ఉదాహరణ. కట్టుకోను బట్టల్లేని ఒక పేదతల్లి చలికి బిడ్డని పొదువుకుని పడుకుంది. నిద్రలో బిడ్డ ఆమె కింద నలిగి చచ్చిపోయింది. ఆమెదీ పాపం కాదు. అయినా బిషప్ ఆమెకి కఠినమైన ప్రాయశ్చిత్తం వేస్తాడు. మిగతా ఆడవాళ్లు జాగ్రత్తగా ఉండటానికట! ఇద్దరిలోనూ సమ్మతి లేదు. గొలుసులున్న మగవాడు ఊరికే బయటపడతాడు, బట్టల్లేని తల్లికి మాత్రం శిక్ష.

ఇప్పుడు ఇదే మనిషి రాసిన ఇంకో కాగితం చూద్దాం. హెలోయిస్ పినతండ్రో మేనమామో అయిన ఫుల్బర్ట్ ఆమెకి చదువు చెప్పమని, చదవకపోతే కొట్టే అధికారం కూడా ఇచ్చి, ఆమెని అబెలార్డ్‌కి అప్పగించాడు. ఆకలిగొన్న తోడేలుకి గొర్రెపిల్లని అప్పజెప్పినట్టని అబెలార్డే తన ఆత్మకథలో రాసుకున్నాడు. బుజ్జగింపులకు లొంగకపోతే బెదిరింపులూ దెబ్బలూ ఉండనే ఉన్నాయని కూడా రాశాడు. తర్వాత హెలోయిస్‌కి రాసిన ఒక జవాబులో ఇంకా సూటిగా ఒప్పుకున్నాడు. ఆమె వద్దన్నప్పుడు, శక్తికొద్దీ ఎదిరించినప్పుడు, బలహీనురాలైన ఆమెని బెదిరించి, కొట్టి సమ్మతికి లాక్కొచ్చానన్నాడు.

సమ్మతికి! ఆ లాటిన్ ఉత్తరంలో వాడిన మాట అదే. కొన్నేళ్ల తర్వాత తన నీతిశాస్త్రాన్ని మొత్తం ఏ మాట మీద నిలబెట్టాడో, ఆ మాటే. దెబ్బలతో రాబట్టిన దాన్ని ఆయన సమ్మతి అనే పిలిచాడు. పైగా ఆ ఒప్పుకోలు ఆమెకి క్షమాపణ చెప్పడానికి కాదు. ఫుల్బర్ట్ మనుషులు తనని నపుంసకుణ్ణి చేయడం దేవుడు తనకి చూపిన దయ అని నిరూపించడానికి. ఆమె ఒంటిమీది దెబ్బలు ఆయన మోక్షకథలో సాక్ష్యాలయ్యాయి, అంతే.

1141లో సాన్స్ నగరంలో జరిగిన సభ అబెలార్డ్‌ని తప్పుపట్టింది. దేవుడు తాను చేసేది తప్ప వేరే చేయలేడన్నాడని, మనిషి స్వేచ్ఛా సంకల్పం ఏదో ఒక మంచికి తనంతట తానే చాలునన్నాడని అతని మీద మోపిన తప్పుల పట్టికలో ఉంది. దేవుడి స్వేచ్ఛకి కొలత తక్కువైతే సభలు కూర్చుంటాయి. ఆడపిల్ల స్వేచ్ఛకి ఆ పట్టికలో ఒక్క వాక్యం లేదు.

'ఆమె అతన్ని ప్రేమించింది కదా, ఇవాళ్టి కళ్లతో ఆమెని బాధితురాల్ని చేస్తావా?' అని మిత్రులు అడుగుతారు. ప్రేమించింది. చక్రవర్తి భార్యగా ఉండటం కన్నా అతని ఉంపుడుగత్తెగా ఉండటమే మేలని రాసింది. పెళ్లి వద్దని అతనితోనే వాదించింది. అయితే? ప్రేమించిన మనిషికి ఫలానా రోజున వద్దనే హక్కు ఉండదా? ప్రేమ అంటే జీవితకాలపు సమ్మతిపత్రం అని ఎవరు రాసిచ్చారు? అంత గట్టిగా ప్రేమించిన మనిషి వద్దందంటే, ఆ వద్దు ఎంత బరువైనదో కదా.

అసలు ఈ చర్చలో నాకు కనబడే గొప్ప తాత్వికురాలు హెలోయిస్. అబెలార్డ్ ఆజ్ఞ మీద, అతనికన్నా ముందే, అర్జాంతోయ్ మఠంలో ఆమె సన్యాసం పుచ్చుకుంది. తర్వాత పారక్లీట్ మఠానికి అధిపతి అయింది. లోకం ఆమె పవిత్రతని పొగుడుతుంటే ఆమె ఏం రాసింది? నేను మఠంలోకి వచ్చింది నీ ఆజ్ఞకే గాని దేవుడి మీద ప్రేమతో కాదు, కాబట్టి దేవుడి నుంచి ఏ ప్రతిఫలమూ ఆశించను అంది. పనిని కాదు, ఉద్దేశాన్ని చూడాలి అంది. ఒకరి ఆజ్ఞని తన సంకల్పంగా పేరు మార్చి చెప్పుకోవడానికి ఒప్పుకోలేదు. దేవుడి ముందు కూడా దొంగసమ్మతి ఇవ్వలేదు. స్వేచ్ఛా సంకల్పం గురించి ఇంత నిజాయితీగా మాట్లాడినవాళ్లు ఎంతమంది? అయినా ఆయన రాతలు తత్వశాస్త్రం అరలో, ఆమెవి ప్రేమలేఖల అరలో! అవి అసలు ఆమె రాసినవేనా అని అనుమానించిన పండితులూ ఉన్నారు.

ఇదంతా చర్చి గోడల మధ్య ఎప్పుడో ముగిసిన సంగతి అనుకోవద్దు. 1978లో మథుర కేసులో మన సుప్రీంకోర్టు ఆ ఆదివాసీ పిల్ల ఒంటిమీద గాయాలు లేవన్న సంగతి ఎత్తిచూపి పోలీసులను వదిలేసింది. లుక్రీషియాని అడిగిన ప్రశ్నే అది, వేషం మార్చుకుని వచ్చింది.

అబెలార్డ్ పుస్తకాన్ని పాఠ్యప్రణాళికలోంచి తీసేయమని నేననడం లేదు. పక్కనే ఆ ఉత్తరాన్ని కూడా పెట్టమంటున్నాను. సమ్మతి గురించి ఆయన సిద్ధాంతం చదివిన విద్యార్థిని, ఆయన చెయ్యి లేచిన రోజుల గురించీ చదవాలి. 'ఆమె ఒప్పుకుందా?' అని వందల ఏళ్లు అడిగారు. 'ఒప్పించడానికి అతనేం చేశాడు?' అని ఇకనైనా అడుగుదాం. ఆ ప్రశ్నకి జవాబు అతని చేతిరాతలోనే ఉంది.