ఊరూరా తిరిగే డిఫెండరు

గోలు కొట్టినవాని పేరు లోకమంతా చెప్పుకొంటుంది. గోలు పడకుండ ఆపిన డిఫెండరును ఎవరడుగుతారు? రష్యా దిగువ డివిజన్లలో అట్టివారు అనేకులు. కాంట్రాక్టు ముగిస్తే మరో జట్టు వెదకాలి. మాస్కో నుండి వ్లాదివోస్తోక్‌కు రైలుదారే 9,288 కిలోమీటర్లు!

దూరం పోనివ్వండి, జీతం మాటేమిటి? అక్కడ చాలా జట్లు ప్రాంతీయ ప్రభుత్వపు డబ్బుతోనో, ఒక కంపెనీ దయతోనో బ్రతుకుతాయి. 1995లో దేశ ఛాంపియనైన వ్లాదికావ్‌కాజ్ అలానియా 2014లో సీజను మధ్యనే మూతపడింది. తరువాత మళ్లీ లేపారు. తోమ్‌స్క్ జట్టు పై డివిజనులో ఉండి కూడా జీతాలివ్వలేక, 2017లో పెద్ద ఆటగాళ్లు వెళ్లిపోగా కుర్రవాళ్లతో లీగు ముగించింది. 2022లో అదీ పోయింది.

పైవారి గతే ఇదైతే క్రిందివారి మాట చెప్పాలా? ముప్పై దాటిన డిఫెండరు బాకీ జీతం వదులుకొని సామాను సర్దుతాడు. పిల్లలకు మళ్లీ కొత్త బడి.