బొమ్మలు గీయడం దండగ పనా?

మనలో ఎవరైనా బొమ్మలు గీస్తుంటే "పనేం లేదా, లెక్కలు చేసుకో" అంటారు. లెక్కలు చెయ్యాల్సిందే. కానీ బొమ్మలు దండగ అంటే నేను ఒప్పుకోను.

రామ్ మోహన్ గారు 1956లో బొంబాయిలో ఫిల్మ్స్ డివిజన్ కార్టూన్ విభాగంలో చేరారు. కథలు రాశారు, బొమ్మలు గీశారు, వాటిని కదిలించారు, దర్శకత్వం కూడా చేశారు. సినిమాలో ఒక్క సెకనుకి 24 బొమ్మలు తిరుగుతాయి. బొమ్మ చెయ్యి ఎత్తాలన్నా ఎన్నో గియ్యాలి. అది పని కాదా? 2014లో ఆయనకి పద్మశ్రీ ఇచ్చారు. 2019లో చనిపోయారు.

యునిసెఫ్ కోసం ఆయన మీనా అనే పిల్లని గీశారు. ఒక కథలో మామిడిపండు పెద్ద ముక్క రాజుకి, చిన్న ముక్క మీనాకి. ఎందుకట్లా అని మీనా అడుగుతది. ఒకరోజు ఇద్దరూ పనీ తిండీ మార్చుకుంటారు. చాకిరీ చేసి ఆకలేసినాక రాజుకి తెలిసొస్తది. మన ఇళ్లలో కూడా అంతే గదా!

ఈ సంగతి వ్యాసంగా రాస్తే మా అమ్మకి అందదు, అక్షరాలు రావు. ఆదివారం వచ్చే అమ్మలు చాలామంది ఈ గోడపత్రిక దాటి వెళ్లిపోతారు. బొమ్మ ఉంటే ఆగి చూస్తారు.

వార్డెన్ మేడం గారూ, వారానికి ఒక గంట బొమ్మలకి ఇప్పించండి. వచ్చే పత్రికలో సగం బొమ్మలే పెడదాం.

– 9వ తరగతి విద్యార్థిని