ఉంగరము – గుర్తింపు కార్డు

కాళిదాసు తన శాకుంతల నాటకమును ఒక ఉంగరము మీద నిలిపెను. ఉంగరము నీటిలో జారిపోయినది. రాజు తాను చేపట్టిన భార్యను గుర్తింపలేకపోయెను. తరగతిలో ఈ ఘట్టమును చదువుకొను విద్యార్థులలో ఎవరో ఒకరు అడుగక మానరు: ఉంగరము పోయినంత మాత్రమున జరిగిన సత్యము కూడ పోవునా? ఉపాధ్యాయుడు దుర్వాసుని శాపమును చెప్పి ఆ పిల్లవానిని సమాధానపరచును. కాని మహాభారతమునందలి కథలో ఉంగరమే లేదు. నన్నయ తెలుగు చేసిన కథలోను లేదు. అక్కడ శకుంతల నిండు సభలో నిలిచి సత్యము పేరిట వాదించినది. తుదకు ఆకాశవాణి సాక్ష్యము పలికినది. ఒక కథ గుర్తును నమ్ముకొన్నది; మరియొక కథ సాక్ష్యమును నమ్ముకొన్నది.

ఈ భేదము సాహిత్య విద్యార్థులకు మాత్రమే పనికివచ్చునది కాదు. గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలు ప్రాంతములలో ఒక మాజీ సైనికుడో, సైనికుని భార్యయో చేతిసంచిలో పాత కాగితములు పెట్టుకొని తెల్లవారకముందే బస్సు కొరకు నిలుచున్నప్పుడెల్ల ఆ రెండు కథలును జ్ఞప్తికి రావలసియున్నది. ఆ సంచిలోనిది కూడ ఒక ఉంగరమే. దానిని గుర్తింపు కార్డు అందురు.

సైన్యమున పనిచేయునంత కాలము సిపాయి దగ్గర నుండు కార్డు విడుదలనాడు అక్కడనే అప్పగింపబడును. అతడు ఇంటికి తెచ్చుకొనునది విడుదల పుస్తకము, పెన్షను ఉత్తర్వు. వానిని చూపి సైనిక సంక్షేమ కార్యాలయమున పేరు నమోదు చేసికొన్న పిదప మాజీ సైనికుని గుర్తింపు కార్డు లభించును. అతడు మరణించినచో భార్యకు వేరొక కార్డు. 2003 ఏప్రిల్ 1న ఆరంభమైన మాజీ సైనికుల ఆరోగ్య పథకమునకు ఇంకొక కార్డు. సైనిక క్యాంటీనులో సరకులు తెచ్చుకొనుటకు మరియొకటి. కార్డు పోయినను, పాతబడినను, కుటుంబమున ఒకరు పుట్టినను గిట్టినను కార్యాలయమును ఆశ్రయింపవలసినదే. ఇవి గాక పెన్షనుదారు తాను బ్రదికియున్నానని ఏటేట ఋజువు చేసికొనవలెను. సిపాయి సామాన్యముగ నలువది ఏండ్లు నిండకమునుపో, నిండిన కొలది కాలమునకో ఇల్లు చేరును. కావున అతడు సైన్యమున గడపిన కాలముకంటె సైనికుడనైయుంటినని చూపుకొనుచు గడపు కాలమే ఎక్కువ.

2016 అక్టోబరు 11న వనపర్తి, నాగర్‌కర్నూలు, జోగులాంబ గద్వాల జిల్లాలు ఏర్పడినవి. కలెక్టరు కార్యాలయములు ప్రజలకు చేరువైనవి. ఇది సంతోషింపదగిన మార్పే. కాని సైనిక సంక్షేమ కార్యాలయము కొరకు ఈ మూడు జిల్లాల వారును పాత జిల్లా కేంద్రమైన మహబూబ్‌నగర్‌నకే పోవలసియున్నది. అలంపురము వానికి తుంగభద్ర దాటినచో కర్నూలు కూతవేటు దూరము; అయితే అది 2014 జూన్ 2 నుండి వేరు రాష్ట్రము. అతడు దగ్గరి పట్టణమును వెనుకకు విడిచి వంద కిలోమీటర్లకు పైబడి ఉత్తరమునకు ప్రయాణము చేయవలెను. గద్వాల వానికి రైలైనను కలదు. వనపర్తి రోడ్డు స్టేషను పేరునకే వనపర్తిది. ఊరికి దూరముగ మదనాపురమున నున్నది. నాగర్‌కర్నూలు పట్టణమునకు రైలే లేదు. ఇక అమ్రాబాదు అడవుల అంచున నున్న పల్లెవాడు ఎన్ని బస్సులు మారవలెనో అతనికే తెలియును. అంత దూరము పోయిన పిమ్మట ఒక ఫోటో తక్కువైనదనియో, ఒక నకలు మీద సంతకము లేదనియో తిరిగిరమ్మన్నచో ఆ దినపు కూలియు, ఛార్జీలును గంగపాలే. దేవుడు వరమిచ్చినను పూజారి ఇయ్యడను సామెత ఊరక పుట్టలేదు.

దూరముకంటె పెద్ద చిక్కు మరియొకటి కలదు. అది అక్షరమునకు సంబంధించినది. గద్వాల దగ్గర వెలసిన అమ్మవారిని కొందరు జములమ్మ అందురు, కొందరు జమ్ములమ్మ అందురు. అమ్మవారికి ఏ పేరు పెట్టి పిలిచినను పలుకును. నడిగడ్డలో ఆ దేవత పేరు పెట్టుకొన్న ఒక స్త్రీని ఊహించుకొనుడు. భర్త సైన్యములో నుండగా పెండ్లి జరిగినది. దళపు కార్యాలయమున ఎవరో ఉత్తరాది గుమాస్తా ఆమె పేరును విన్నది విన్నట్లు ఇంగ్లీషు అక్షరములలో వ్రాసికొన్నాడు. ఓటరు జాబితాలో ఆ పేరు ఒక విధముగ పడినది, ఆధార్ కార్డులో ఇంకొక విధముగ పడినది, బ్యాంకు పుస్తకమున మూడవ విధముగ పడినది. భర్త బ్రదికియున్నంత కాలము ఈ సంగతి ఎవరికిని తెలియదు. అతడు కన్ను మూసిన పిదప ఆమె కార్డు కొరకు పోగా, ఆ ముగ్గురును ఒక్కరే యని చూపుమందురు. దేవత పేరులో ఒక వత్తు ఎక్కువైనను తక్కువైనను మ్రొక్కు చెల్లును. మనుష్యురాలి పేరులో ఒక అక్షరము తప్పినచో కూడు చెల్లదు!

ఇట్టి తప్పును దిద్దుటకు దారి లేకపోలేదు. సైనికుని పెండ్లి, పిల్లల పుట్టుక మొదలైనవి అతని దళమునకు చెందిన రికార్డు కార్యాలయమున నమోదై యుండును. ఫిరంగి దళము వారికది నాసిక్ రోడ్డులో నున్నది. మద్రాసు రెజిమెంటు వారికి నీలగిరులలోని వెల్లింగ్టనులో నున్నది. భార్యాభర్తలు ఇద్దరును జీవించియున్నప్పుడు అక్కడికి ఒక దరఖాస్తు పంపి పేరు సరిచేయించుకొనుట సులభము. భర్త పోయిన తరువాత అదే పని అఫిడవిట్లతోను, ప్రకటనలతోను, ఏండ్ల తరబడి నడచు ఉత్తరములతోను కూడినదగును. ఈ ఒక్క సంగతి సకాలమున చెప్పువారు లేక ఎందరో స్త్రీలు బాధపడుచున్నారు.

ఈ చిక్కునకు మొదటి ముడి పడునది బడిలోనే యని ఉపాధ్యాయులు గమనింపవలెను. సైన్యమున చేరువాని పేరు, తండ్రి పేరు, పుట్టిన తేదీ బడి ధ్రువపత్రము నుండియే ఎత్తి వ్రాయబడును. పూర్వము పల్లెటూరి బడులలో పిల్లవానికి ఐదేండ్లు నిండినట్లు లెక్క కుదిరిన చాలునని తేదీ వేసెడివారు. రిజిస్టరును బట్టి చూచినచో ఊరిలో సగము మంది జూన్ నెలలోనే పుట్టినట్లుండును. ఆనాడు అది నిర్దోషమైన అలవాటుగనే తోచినది. తమ్మునికంటె అన్న నాలుగు నెలలే పెద్దవాడైనట్లు కనబడినప్పుడు మాత్రము దాని ఫలితము తెలియును. ఉపాధ్యాయుడు తొందరలో వ్రాసిన ఒక పంక్తి నలువది ఏండ్ల తరువాత, తాను ఎన్నడును చూడని ఒక స్త్రీ అన్నమును నిర్ణయించుచున్నది. అక్షరము నశింపనిదని నిర్వచనము చెప్పుదురు గదా! తప్పుగ వ్రాసిన అక్షరము కూడ నశింపదు.

ఈ సీమకు సైనికులు కొత్తవారు కారు. గద్వాల, వనపర్తి నిజాము పాలన క్రింద పేరు గన్న తెలుగు సంస్థానములు. విద్వద్గద్వాల యను పేరు నేటికిని వినబడును. కవులకు జరిగిన సన్మానములు సాహిత్య చరిత్రలలో చేరినవి. ఆ కోటలకు కావలి కాచిన వారి పేర్లు చెప్పుమనినచో చెప్పగలవారు అరుదు. వనపర్తి రాజా రామేశ్వరరావు ఆఫ్రికా జాతీయులగు సిద్దీలతో ఒక అశ్వదళమును పోషించెననియు, అది తరువాత నిజాము కొలువులో చేరినదనియు చెప్పుదురు. హైదరాబాదులో మాసాబ్ ట్యాంకు చెంతనున్న ఏ.సీ. గార్డ్స్ అను పేట ఆ ఆఫ్రికన్ క్యావల్రీ గార్డ్స్ నివసించిన తావు. 1948 సెప్టెంబరులో హైదరాబాదు సంస్థానము భారతదేశమున కలిసిన పిమ్మట ఆ దళము రద్దైనది. నేడు ఆ దారిన బస్సులో పోవువారిలో ఆ రెండు పొడి అక్షరముల అర్థము ఎరిగినవారు ఎందరు? గుర్తు మిగిలినది, గుర్తింపు పోయినది. కార్డు ఎంత జాగ్రత్తగ దాచినను వెనుకనున్న మనిషిని మరచినచో జరుగునది ఇదియే.

అట్లని కార్డును మార్చుకొనుమని అడుగుటయే అన్యాయమని వాదించుట తగదు. చనిపోయినవారి పేర పెన్షను తీసికొనువారు లేకపోలేదు. కార్డు లేనివాడు కార్డు గలవాని హక్కును అపహరించుటయు కలదు. ప్రభుత్వ ధనము ప్రజాధనము. దానికి లెక్క యుండవలెను. కాలానుగుణముగ కొన్ని సౌకర్యములును వచ్చినవి. బ్రదికియున్నట్లు చూపు పత్రమును 2014 నవంబరు నుండి వేలిముద్రతో ఊరినుండియే పంపుకొనవచ్చును. నాగలి పట్టి, కలుపు తీసి, రాళ్ళు మోసి అరిగిపోయిన వ్రేళ్ళను యంత్రము గుర్తింపనప్పుడు ముఖమును చూపి పంపు పద్ధతి 2021 నవంబరులో వచ్చినది. ఇవి మెచ్చదగినవే. అయితే వీనిని వాడుకొనుటకు మంచి ఫోను కావలెను, దానిని నడుపుటకు చదువు కావలెను. ఆ రెండును లేనివారికే అవసరము ఎక్కువ. తనిఖీ యుండవలసినదే, దాని భారమంతయు అందరికంటె బలహీనుని నెత్తిన పెట్టుట మాత్రము న్యాయము కాదు.

కావున ప్రభుత్వము చేయదగినది పెద్ద ఖర్చుతో కూడినది కాదు. మూడు నెలలకొకసారి, ముందుగ ప్రకటించిన తేదీన, సైనిక సంక్షేమాధికారి గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలు, అలంపురము, అచ్చంపేటలకు తన సిబ్బందితో వచ్చి కూర్చుండవలెను. డెబ్బది ఐదేండ్లు దాటినవానిని రాజధానికో, జిల్లా కేంద్రమునకో రప్పించుటకంటె ఒక జీపు పల్లెకు వచ్చుట సులభము. దరఖాస్తు తెలుగున నుండవలెను. కావలసిన కాగితములన్నింటిని ఒకేసారి, ఒకే చీటీ మీద వ్రాసి యియ్యవలెను. పేరులో ఒకటి రెండు అక్షరముల తేడా యున్నచోట సర్పంచియు, ఊరి ఉపాధ్యాయుడును ఇచ్చు సాక్ష్యమును స్వీకరింపవలెను. ఊరంతయు ఎరిగిన సత్యమును ఒక వత్తు కొట్టివేయరాదు. నన్నయ శకుంతలకు దొరికిన సాక్ష్యము నడిగడ్డ స్త్రీకి దొరుకకూడదా?

ఇంకొక విషయమును కూడ ఆలోచింపవలసియున్నది. 2022లో ప్రవేశపెట్టిన అగ్నిపథ పథకము ననుసరించి చేరిన యువకులు నాలుగేండ్లు పనిచేయుదురు. వారిలో నాలుగవ వంతునకు మించకుండ స్థిరముగ తీసికొని, మిగిలినవారిని ఒక మొత్తము సొమ్ముతో ఇంటికి పంపుదురు. అట్లు వచ్చినవారికి పెన్షను లేదు. మాజీ సైనికుడను హోదాయు లేదు. తాత కార్డు మార్చుకొనలేక బాధపడుచున్నాడు. మనుమనికి మార్చుకొనుటకు కార్డే యుండదు. ఆ పథకము దేశ రక్షణకు మేలో కీడో నిపుణులు చర్చించుకొందురు గాక. సరిహద్దున నిలిచి వచ్చినవానిని ఏమని పిలువవలెనో చెప్పలేని సమాజము తన భాషలో ఒక పదమును పోగొట్టుకొన్నట్లే.

ఏటేట డిసెంబరు 7న సైనిక పతాక దినము జరుగును. 1949 నుండి వచ్చుచున్న ఆచారమిది. బడిపిల్లలు చొక్కాకు చిన్న జెండా గ్రుచ్చుకొని డబ్బీలో నాణెములు వేయుదురు. ఆ నాణెములు మంచివే. ఆ దినమున ఇంకొక పని కూడ పెట్టుకొనవచ్చును. ఊరిలోని మాజీ సైనికులను, సైనికుల భార్యలను బడికి పిలిచి, వరండాలో ఒక బల్ల వేసి, పై తరగతుల విద్యార్థులు వారి కాగితములను ఒక్కొక్కటిగ చదివి వినిపింపవలెను. ఏ కాగితములో పేరు ఎట్లున్నదో ఒక పట్టికగ వ్రాసి చూపవలెను. తేడా యున్నచో ఉపాధ్యాయుని పర్యవేక్షణలో దరఖాస్తు వ్రాసి పెట్టవలెను. లేఖారచన యని వాచకములో నేర్చుకొను పాఠమునకు ఇంతకంటె మంచి అభ్యాసము దొరుకదు. ఆ పిల్లవానికి మార్కులు రాకపోవచ్చును. ఒక ముసలి తల్లికి బస్సు ప్రయాణము తప్పును.

శాకుంతలమున ఉంగరమును దొరకించుకొన్నవాడు మంత్రి కాడు, పండితుడు కాడు. చేపను కోసి చూచిన ఒక జాలరి. దొంగతనము మోపి రక్షకభటులు అతనిని బాధించిరి కూడ. ఐనను అతని మూలముననే రాజునకు మరపు తొలగినది. కృష్ణకును తుంగభద్రకును నడుమనున్న సీమలో అట్టి జాలరులకు కొదువ లేదు. బడిలో సుద్దముక్క పట్టుకొన్నవాడును, వానియెదుట పలక పట్టుకొన్నవాడును ఆ పనికి చాలుదురు.