వంతెనలు రెండు - దారి ఒక్కటే

భద్రాచలం వద్ద గోదావరిపై కట్టిన రెండవ వంతెన మీదుగా 2024 శ్రీరామనవమి నాటికి రాకపోకలు మొదలయ్యాయి. 1965లో నాటి రాష్ట్రపతి సర్వేపల్లి రాధాకృష్ణన్ ప్రారంభించిన పాత వంతెన అంతవరకు దాదాపు అరవై ఏళ్లపాటు ఒంటరిగా భారం మోసింది. 2015లో పనులు మొదలైన కొత్త వంతెన వాడుకలోకి రావడానికి తొమ్మిదేళ్లు పట్టింది. ఆలస్యమైనా వచ్చినందుకు సంతోషించవలసిందే. అయితే వంతెన వచ్చినంత మాత్రాన ఇరుకు తీరినట్లు కాదు.

రెండు వంతెనలూ పక్కపక్కనే ఉన్నాయి. రెండింటి మీదుగా వచ్చిన వాహనాలూ దిగేది ఒక్క బ్రిడ్జి సెంటర్‌లోనే. రెండు కాలువల నీరు ఒక్క తూములోకి మళ్లిస్తే ఏమవుతుందో రైతుకు వేరే చెప్పనక్కరలేదు.

విజయవాడ వైపు నుంచి కొత్తగూడెం, పాల్వంచ మీదుగా వచ్చే 30వ నెంబరు జాతీయ రహదారి భద్రాచలం నడిబొడ్డు నుంచే చింతూరు, కుంట, జగదల్‌పూర్ వైపు సాగిపోతుంది. సారపాక కాగితం మిల్లుకు కర్ర తెచ్చే లారీలు, ఇసుక లారీలు, ఛత్తీస్‌గఢ్‌కు సరుకు మోసే లారీలు, భక్తుల బస్సులు, సంతకు వచ్చే ఆటోలు అన్నీ ఆ దారినే నమ్ముకున్నాయి. రైలు ఎక్కుదామంటే ‘భద్రాచలం రోడ్’ స్టేషన్ ఉన్నది నలభై కిలోమీటర్ల దూరాన కొత్తగూడెంలో. కనుక ప్రతి మనిషీ, ప్రతి మూటా రోడ్డు మీదికే రావాలి.

ఈ ఇరుకులో ఎక్కువగా నలిగేది ఏజెన్సీ ప్రజలు. చర్ల, దుమ్ముగూడెం, చింతూరు వైపు గూడేల వారికి కష్టం వస్తే భద్రాచలం ఏరియా ఆస్పత్రే దిక్కు. అక్కడ కుదరదంటే వంతెన దాటి కొత్తగూడెమో ఖమ్మమో పోవాలి. పురిటి నొప్పులతో ఉన్న తల్లిని ఎక్కించుకున్న అంబులెన్సు లారీల బారు వెనుక నిలబడితే ఆ నిమిషాల లెక్క ఎవరు చెప్పాలి? 2022 జూలైలో గోదావరి 71 అడుగులు దాటినప్పుడు వంతెనపై రాకపోకలు ఆపవలసి వచ్చింది. వరద మన చేతిలో లేదు. లారీల వరుస మాత్రం మన చేతిలోనిదే.

విధానం మారితే రోడ్డు తేలికపడుతుందనడానికి నిదర్శనం ఈ ప్రాంతంలోనే ఉంది. సత్తుపల్లి గనుల బొగ్గు లారీలలో కొత్తగూడెం వచ్చేది. సింగరేణి, రైల్వే కలిసి సుమారు 54 కిలోమీటర్ల రైలు మార్గం వేశాయి. 2022 నవంబరులో దానిని జాతికి అంకితం చేశారు. రోడ్డును వెడల్పు చేయడం కాదు, బరువును రోడ్డు మీది నుంచి దించడం అసలు మందు.

భద్రాచలంలోనూ ముందుగా ఖర్చు లేని పని చేయవచ్చు. 1988 మోటారు వాహనాల చట్టం 115వ సెక్షన్ ప్రకారం ఏ రోడ్డుపైనైనా ఏ తరహా వాహనాలనైనా నియంత్రించే అధికారం ప్రభుత్వానికి ఉంది. బడి వేళల్లో, సంత రోజుల్లో, నవమి, ముక్కోటి ఉత్సవాల్లో భారీ లారీలను ఊరికి ఇరువైపులా నిలిపి, రాత్రివేళ వదలవచ్చు. అలా నిలపాలంటే సారపాక వైపు, ఎటపాక వైపు లారీలకు స్థలం, డ్రైవర్లకు నీళ్లు, మరుగుదొడ్లు ఏర్పాటు చేయాలి. లేకుంటే వారు రోడ్డు పక్కనే ఆపుతారు. తప్పు వారిది కాదు.

ఊరిని తప్పించే బైపాస్ కావాలన్న కోరిక న్యాయమైనదే. కాని పట్టణాన్ని ఆనుకొని ఉన్న ఐదు పంచాయతీలు 2014లో ఆంధ్రప్రదేశ్‌లో కలిశాయి. రెండు రాష్ట్రాలు ఒక్క మాట మీదికి రానిదే ఆ దారి పడదు. పైగా ఇది షెడ్యూల్డు ప్రాంతం. అడవి పోతుంది, కోయల పోడు పోతుంది. 1996 పెసా చట్టం ప్రకారం భూసేకరణకు ముందే గ్రామసభను సంప్రదించాలి. ఇరుకు తీర్చే పేరుతో గూడెం నోటి దగ్గర కూడు తీయడం తగదు.

వచ్చే ముక్కోటి లోగా రెండు రాష్ట్రాల రెవెన్యూ, పోలీసు, రోడ్ల అధికారులు ఒకచోట కూర్చోవాలి. లారీల వేళలు, నిలిపే స్థలాలు నిర్ణయించి పంచాయతీ బోర్డులపై రాయించాలి. దర్శనానికి వచ్చిన భక్తుడు గంట ఆలస్యమైనా ఓర్చుకుంటాడు. అంబులెన్సులో ఉన్న తల్లికి ఆ గంట లేదు.