కాదన్న మాటతో పుట్టిన కిరీటం

1950 సెప్టెంబరులో అట్లాంటిక్ సిటీలో మిస్ అమెరికాగా ఎంపికైన యోలాండ్ బెట్‌బీజ్ గెలిచాక ఒక మాట తేల్చి చెప్పింది. దేశమంతా తిరిగే ఏడాది పర్యటనలో స్విమ్‌సూట్ వేసుకుని ఫొటోలకు నిలబడనంది. అలబామా అమ్మాయి. కాన్వెంట్‌లో చదువుకుంది, ఒపెరా పాడేది. గాయనిగా పేరు తెచ్చుకోవాలనే ఆ వేదిక ఎక్కింది. పోటీకి డబ్బు పెట్టినవాళ్లలో కేటలీనా అనే ఈత దుస్తుల కంపెనీ ఉంది. కిరీటం పెట్టుకున్న అమ్మాయే తమ సరుకు తొడుక్కోనంటే ఆ కంపెనీకి ఇక మిగిలేదేముంది? మిస్ అమెరికాతో తెగతెంపులు చేసుకుని, సొంత పోటీ పెట్టుకుంది. అదే మిస్ యూనివర్స్. తొలి పోటీ 1952 జూన్ 28న కాలిఫోర్నియాలోని లాంగ్ బీచ్‌లో జరిగింది.

తన ఒంటి మీద ఏ బట్ట ఉండాలో తానే నిర్ణయించుకుంటానని ఒక యువతి అంటే, అలా అనని వాళ్ల కోసం ప్రపంచమంతా వెదికారు. అంతర్జాతీయ అందాల పోటీల మీద మన దగ్గర ఎంత వాదన జరిగినా ఈ పుట్టుక సంగతి మాత్రం చర్చకు రాదు. రావాలి. ఆ పోటీల తీరుతెన్నులు చాలావరకు అక్కడే ఖాయమయ్యాయి.

లండన్‌లో అంతకు ఏడాది ముందే ఎరిక్ మోర్లీ మరో పోటీ నడిపాడు. 1951లో ఫెస్టివల్ ఆఫ్ బ్రిటన్ ఉత్సవాలకు జనాన్ని రప్పించడానికి పెట్టిన బికినీ పోటీ అది. పత్రికలు దానికి మిస్ వరల్డ్ అని పేరు పెట్టాయి. స్వీడన్‌కు చెందిన కికీ హాకన్‌సన్ బికినీలోనే కిరీటం అందుకుంది. కేథలిక్ దేశాలు భగ్గుమన్నాయి, పోప్ తప్పుపట్టారు, మరుసటి ఏడాది బికినీ పోయి నిండు స్విమ్‌సూట్ వచ్చింది. గుడ్డ ఎంత ఉండాలన్న దాని మీదే ఆ రగడంతా. వేసుకునేవాళ్ల ఇష్టాయిష్టాల ఊసే లేదు.

ఇక మిస్ యూనివర్స్ తొలి పోటీకి 1952లో లాంగ్ బీచ్ వేదిక మీద 30 మంది నిలబడ్డారు. ప్రపంచ యుద్ధం ముగిసి ఏడేళ్లే. పశ్చిమ జర్మనీ అమ్మాయి అయిదుగురు ఫైనలిస్టుల్లో ఒకరు. అమెరికా సైనిక పాలన నుంచి బయటపడి రెండు నెలలే అయిన జపాన్ కూడా ఒక అమ్మాయిని పంపింది. హవాయి అప్పటికి అమెరికా రాష్ట్రం కాదు, విడిగా పోటీ చేసి రెండో స్థానం తెచ్చుకుంది. గెలిచింది 17 ఏళ్ల ఫిన్లాండ్ బాలిక ఆర్మీ కూసెలా. సోవియట్ యూనియన్‌కు కట్టాల్సిన యుద్ధ నష్టపరిహారాన్ని ఫిన్లాండ్ పూర్తిగా తీర్చుకున్నది ఆ ఏడాదే. హెల్సింకి ఒలింపిక్స్ జరిగిందీ ఆ వేసవిలోనే. తలెత్తుకు నిలబడుతున్న ఆ చిన్న దేశానికి ఈ కిరీటం ఎంత గర్వం తెచ్చిందో ఊహించుకోవచ్చు. మరుసటి ఏడాది ఆమె కథతో ఆమే కథానాయికగా సినిమా కూడా వచ్చింది.

అయితే ఆ కిరీటాన్ని ఆమె తలపై పెట్టింది యూనివర్సల్ స్టూడియో నటి పైపర్ లారీ. ఆ స్టూడియో కూడా పోటీలో భాగస్వామే. పట్టీ మీద దేశం పేరు, ఒంటి మీద కంపెనీ బట్ట, కళ్ల ముందు సినిమా ఒప్పందం. దేశాభిమానం ఊరికే దొరికే ప్రచారమని వ్యాపారులకు బాగా తెలుసు. ఆర్మీ మాత్రం ప్రపంచ పర్యటనలో పరిచయమైన ఫిలిప్పీన్స్ యువకుడు వర్జీలియో హిలారియోను 1953లో పెళ్లాడి, గడువు తీరకముందే కిరీటం వదిలేసి మనీలాలో కాపురం పెట్టింది.

మన దేశం తరఫున ఆ వేదిక మీద నిలబడిన ఇంద్రాణీ రెహమాన్ గురించి కాస్త ఎక్కువే చెప్పుకోవాలి. మద్రాసులో పుట్టింది. అమెరికాలో పుట్టి భారతీయ నాట్యానికి జీవితం అంకితం చేసిన రాగిణీదేవి ఆమె తల్లి. పదిహేనేళ్లకే వాస్తుశిల్పి హబీబ్ రెహమాన్‌ను పెళ్లాడింది. లాంగ్ బీచ్‌కు వెళ్లేనాటికి ఒక బిడ్డ తల్లి. అప్పటి ఫొటోల్లో స్విమ్‌సూట్‌లో ఉన్నా నుదుట బొట్టు, తలలో పూలు ఉంటాయి. ఆ బొట్టు, ఆ పూలు చూస్తే ఆమె తన లెక్క ప్రకారమే అక్కడికి వెళ్లిందని నాకు గట్టిగా అనిపిస్తుంది. కిరీటం రాలేదు. ఆమె పేరు నిలబెట్టింది నాట్యం. కోరాడ నరసింహారావు దగ్గర కూచిపూడి నేర్చుకుని, ఆయనతో కలిసి దేశదేశాల్లో ఆడింది. కూచిపూడికి విదేశాల్లో దక్కిన తొలినాళ్ల గుర్తింపులో ఆమె పాలు చాలా ఉంది. మనవాళ్లు ఆమెను ఇంతకన్నా ఎక్కువగా తలచుకోవాల్సింది.

పెళ్లయి బిడ్డ ఉన్నా 1952లో ఆమెకు అడ్డు రాలేదు. అయిదేళ్లు తిరిగేసరికి సంగతి మారింది. 1957లో మిస్ యూఎస్ఏ లియోనా గేజ్‌కు పెళ్లయిందని, ఇద్దరు పిల్లలున్నారని పోటీ మధ్యలో బయటపడగానే కిరీటం లాగేసుకున్నారు. ఏడాదంతా కంపెనీ చెప్పిన చోటికల్లా తిరగాల్సిన మనిషికి భర్త, పిల్లలు ఉండటం వ్యాపారానికి అడ్డు. నైతికత పేరుతో పెట్టిన ఆ నిబంధన వెనక నాకు కనిపించేది ఈ లెక్కే. వివాహితలకు, తల్లులకు మిస్ యూనివర్స్ మళ్లీ తలుపులు తెరిచింది 2023 పోటీల నుంచి.

2025 మే నెలలో 72వ మిస్ వరల్డ్ పోటీలు హైదరాబాద్‌లో జరిగినప్పుడు, రామప్ప గుడి దగ్గర స్థానిక మహిళలు పోటీదారుల కాళ్లకు నీళ్లు పోయడం పెద్ద దుమారమే రేపింది. ఆ కోపం న్యాయమైనదే. కానీ ఆతిథ్యమిచ్చిన ప్రభుత్వాన్ని అంతకన్నా ముందు అడగాల్సిన ప్రశ్న వేరే ఉంది. ఆ అమ్మాయిలు ఏ కాగితాల మీద సంతకాలు పెట్టి వస్తున్నారు? వాళ్ల ఏడాది కాలం మీద, ఫొటోల మీద, ప్రయాణాల మీద హక్కు ఎవరిది? వద్దనుకుంటే మధ్యలో వెళ్లిపోయే వీలుందా? ప్రజల సొమ్ముతో వేదిక వేసే ఏ ప్రభుత్వమైనా నిర్వాహకులతో తాను చేసుకున్న ఒప్పందంతో పాటు ఈ షరతులను కూడా పోటీకి ముందే శాసనసభ ముందు పెట్టాలి.