కూడు అంటే తప్పా?

మాది పల్నాడు. మాలపల్లె. ఇంట్లో డిగ్రీ చదివిన మొదటోణ్ణి నేనే. పాతకాలాన్ని కళ్లకు కట్టిస్తామని ఏటా ఎవరో ఒకరు బళ్లో నాటకం వేయిస్తారు. కిరీటాలు అట్టవి, కత్తులు చెక్కవి, మాటలేమో సంస్కృతానివి.

8వ తరగతిలో నేనూ పల్నాటి వీరుల నాటకంలో వేషం కట్టాను. బ్రహ్మనాయుడు ఊరి పెద్దాయన కొడుకు. నేను కన్నమదాసుని. 12వ శతాబ్దంలో మాలవాడు సేనాని అయిన కథ! మా అవ్వ గోడ పక్కన నిలబడి చూసింది. సేనానికి ఇచ్చిన మాటలు రెండే: 'చిత్తం ప్రభూ', 'ఆజ్ఞ ప్రభూ'. చాపకూడు రంగంలో అన్ని కులాలోళ్లం ఒకే చాప మీద కూర్చున్నాం. చప్పట్లే చప్పట్లు. తర్వాత పెద్దాయన ఇంట్లో పులిహోర. బ్రహ్మనాయుడికి లోపల విస్తరి వేశారు. నాకు దొడ్లో కాగితంలో పెట్టిచ్చారు. పెట్టుడు మీసం ఇంకా మూతి మీదే ఉంది.

అయ్యలారా, ఏ కాలాన్ని బతికించారు మీరు?

ఇక భాష. చాపకూడు అంటే సంస్కరణ అని పాఠం చెప్తారు. మా వాడ పిల్లోడు 'కూడు తిన్నానండి' అంటే 'భోజనం అనరా మొద్దూ' అంటారు. పుస్తకంలో ఉంటే చరిత్ర, మా నోట్లో ఉంటే మోటు! శ్రీనాథుడిదని చెప్పే చాటువులో పల్నాట సన్నన్నం లేదని, అంతా జొన్నేనని వెక్కిరింత. క్లాసంతా నవ్వింది. జొన్నకూడు తిన్నోళ్ల మనవళ్లం, మేం తల దించుకున్నాం.

శ్రీనాథుడి పేరున ఉన్న పల్నాటి వీరచరిత్రని అక్కిరాజు ఉమాకాంతం 1911లో అచ్చేయించారు. అచ్చుతో పనిలేకుండా ఆ కథని గొంతులో మోసింది వీరవిద్యావంతులు, మా మాలలు. ఆలిసెట్టి గాలెయ్య పాడితే జీన్ రోఘైర్ ఇంగ్లీషు చేశాడు, 1982లో పుస్తకమైంది. నేను చదివిన ఏ తెలుగు పాఠంలోనూ గాలెయ్య పేరు లేదు. నాటకం రాసేవాళ్లు ఒక్కసారి ఆ పాట విన్నా తెలిసేది. కత్తి పట్టినోడు సమాసాలు మాట్లాడతాడా?

ఇప్పుడు నేనే అయ్యోరిని. ఈ ఏడు నాటకం నాకప్పగించారు. కన్నమదాసు మాటలు పిల్లల్నే రాసుకు రమ్మన్నా. వాడ పిల్ల ఒకతి రాసింది: 'చాప ఏశారు, బాగుంది. జొన్నలు దంచిందెవురు? ముందు ఆళ్లకి పెట్టండి కూడు.'

తెలుగు పండితుడు ఎర్రసిరాతో 'కూడు' కొట్టేసి 'భోజనం' చేశాడు. ఆయన ముందే మళ్లీ 'కూడు' అని రాశాను. హెడ్మాస్టరు దాకా వెళ్లింది ఫిర్యాదు. రిహార్సలు రేపు సాయంత్రం నాలుగున్నరకి. కన్నమదాసు వేషం ఆ పిల్లదే.